ఎడమ మోకాలికి పట్టీ

రాజన్నా,

నువ్వు సచ్చిపోయి ఇయ్యాల్టికి ఏడాది. ఈడ గల్ఫ్‌ల, బౌషర్ గ్రౌండ్ల నీ పేరు మీద హాకీ మ్యాచ్ పెట్టిన్రు. ఏ కంపెనీ టీమ్‌ల సూసినా నీ అసొంటి ఫార్వర్డ్ లేడని అందరు మెచ్చుకున్నరు.

శుక్రవారం శుక్రవారం మన రూమ్‌ల నా ఎడమ మోకాలికి పట్టీ కట్టింది నువ్వే. గోల్ కాడ నిలబడే నాకు ఆ కాలు మడవదని నీ ఒక్కనికే ఎరుక. బురైమిల ఇంకో కంపెనీ వీసా ఇయ్యంగనే మన టీమ్ ఇడిచి వాళ్ల జెర్సీ ఏసుకొని వచ్చి, ఫైనల్ల ఆ కాలు పక్కకే బాల్ కొట్టినవ్. గోల్ అయినంక నా దిక్కు సూడనన్న సూడలే.

ఇయ్యాల మ్యాచ్‌కు ముందు కొత్త రూమ్మేట్ పట్టీ పట్టుకొని నా ముందు కూసున్నడు.

"ఏ మోకాలు నొప్పన్నా?"

"రెండిటికీ కట్టు" అన్న. ఏది నొప్పో చెప్పలే.