తెర మీద కుళాయి

చెల్లీ,

నీ ఉత్తరం అందినప్పట్నుంచీ నాకు కాలూ చెయ్యీ ఆడడం లేదు. సినిమాకి ముందు వేసిన ప్రభుత్వంవారి డాక్యుమెంటరీలో నేను కుళాయి తిప్పడం, నీళ్లు ధారగా పడడం చూశానన్నావు. ఇక నీళ్ల బాధ లేదు కదా, పురుడు మా ఇంట్లోనే పోసుకుంటానన్నావు.

నిన్ను రావద్దని ఏ చేత్తో రాయను? కానీ ఆ నీళ్లు పోసింది మీ బావ. షూటింగువాళ్లే బిగించిన కుళాయి అది. పైపు గోడ దాటాక అక్కడితో సరి. ఆయన అవతల స్టూలెక్కి, గరాటు పెట్టి, బిందెలకి బిందెలు కుమ్మరించారు. కెమెరామేన్ "ఇంకొంచెం సంతోషంగా అమ్మా" అంటుంటే, గోడ వెనక ఈయన గొణుగుడు విని నాకు నవ్వాగలేదు. నువ్వు మెచ్చుకున్న నవ్వు అదే.

ఇప్పటికీ ట్యాంకరు దగ్గర బిందెతో నిలబడుతున్నాను. వచ్చేట్టయితే ముందే రాయి, పీపాలు సంపాదించాలి.

ఇంకోమాట, ఎవరితోనూ అనకు. మొన్న మేమూ ఆ డాక్యుమెంటరీ చూశాం. అప్పట్నుంచీ పొద్దున్నే లేచి ఒకసారి కుళాయి తిప్పి చూస్తున్నాను. మంచం మీంచి మీ బావ అంటారు: "నేనిక్కడే ఉన్నాను కదే, అందులో నీళ్లెలా వస్తాయి?"

నీ అక్క