తిమ్మక్క రాసిన నూనె

మంగళవారం, కొత్తకోట

మణికట్టు దగ్గర ఇంకా నూనె వాసన వస్తోంది. కడగబుద్ధి కావడం లేదు.

మా సంఘం మేస్త్రీలు గోడలు కట్టరు, రాతి మీద సుత్తి చప్పుడుతో కాలాన్ని కడతారు. దెబ్బకూ దెబ్బకూ నడుమ ఎంత ఎడం ఇస్తే, గదిలో గంట అంత సాగుతుంది. పొద్దున గొర్లు కాసే తిమ్మక్క వచ్చి పిలిచింది. ఆమె పెనిమిటికి ఇక గంటే మిగిలిందని దవాఖానలో చెప్పి పంపారట. కొడుకు ముంబై నుంచి బస్సులో వస్తున్నాడు.

"వాడు మొఖం చూసేదాంక జర నిలుపు బిడ్డా" అంది.

గడపలో కూర్చొని ఆ ఒక్క గంటను పొద్దు వాలేదాకా సాగదీశాను. గంటతో పాటు ముసలాయన నొప్పి కూడా సాగుతుందని తెలుసు. ఇంత ఘోరంగా ఉంటుందని తెలియదు. తిమ్మక్క నీళ్లకు బయటికి పోగానే ఆయన నా వైపు తల తిప్పాడు.

"నాతోని అయితలేదు. సుత్తి దించు బిడ్డా."

పిలిచిన మనిషి చెప్పేదాకా ఆపొద్దని మా సంఘం కట్టుబాటు. అందుకే ఇంకా కాసేపు కొట్టాను. తర్వాత దించాను. ఆయన ఊపిరి ఆగింది.

అప్పుడు కొడుకు జడ్చర్లలో ఉన్నాడట. గంట దూరం.

చెయ్యి పట్టేసి సుత్తి జారిందని తిమ్మక్కకు చెప్పాను. ఆమె ఏడుస్తూనే నా మణికట్టుకు నూనె రాసింది. "మా కోసం ఎంత గోస పడ్డవు బిడ్డా" అంది.

నా చేతికి ఏమీ కాలేదు.