నల్లకిటికీ మర్యాదలు

చిరంజీవి అమ్మలుకి బాబాయి ఆశీస్సులు.

ఇక్కడ మేమిద్దరం క్షేమం. నువ్విచ్చిన కంప్యూటర్ని బైండింగ్ షాపులో కటింగ్ బల్ల పక్కన పెట్టాం. తెర మీద ఆజ్ఞలు కొట్టే ఆ నల్లకిటికీ తెరిచి, నువ్వు నేర్పిన ఆ బారెడు ఆజ్ఞ కొడితే, పుస్తకం వెన్ను మీద అంటించే చీటీ చక్కగా అచ్చయి వస్తోంది. ఒకటే లోటు. కిటికీ తెరవగానే ఓ గీత మిణుకుమిణుకుమంటుంది తప్ప పలకరింపు లేదు. పిలవని పేరంటానికి వచ్చినట్టుంటుంది నాకు. దానికి కాస్త మర్యాద నేర్పే దారుందా?

ఇట్లు,
మీ బాబాయి

తా.క.: ఫోన్ చెయ్యకు. పిన్ని వింటే నవ్వుతుంది.

*

బాబాయికి నమస్కారాలు.

దారుంది. మీ అకౌంట్లో ప్రొఫైల్ అని ఓ చిన్న ఫైలుంటుంది. కిటికీ తెరిచినప్పుడల్లా కంప్యూటర్ ముందు దాన్ని చదివి, అందులో ఏం రాసుంటే అది చేస్తుంది. ఎలా రాయాలో కాగితం వెనక రాశాను. మీకు నచ్చిన పలకరింపు పెట్టుకోండి. ఆ బారెడు ఆజ్ఞకి ఓ పొట్టి పేరు కూడా పెట్టుకోవచ్చు, ఇకనుంచి అది కొడితే చాలు.

మీ అమ్మలు

తా.క.: ఎదురుగా కూర్చున్నది ఎవరో దానికి తెలీదు. అందరికీ ఒకే మాట చెబుతుంది.

*

అమ్మలూ,

నీ తా.క. ముందే చదవాల్సింది. నేను "దయచేయండి యజమాని గారూ" అని రాసుకున్నాను. పొద్దున్నే అలా పిలిపించుకుంటే కడుపు నిండిపోయేది. మొన్న పిన్ని కూర్చుంది. "ఈయన యజమానైతే మరి నేనెవర్నట?" అంది. అక్కడే ఫైలు తెరిచి తన మాట రాసింది. మర్నాడు నేను కూర్చోగానే "దయచేయండి యజమానురాలు గారూ, ఆయన జిగురు డబ్బాకి మూత పెట్టారా?" అని వచ్చింది. పెట్టలేదు, అదీ నా బాధ. అది కొట్టేసి మళ్లీ నాదే రాశాను. అప్పట్నించి మాటల్లేవు. షాపులో ఉండేది ఇద్దరం. ఆవిడ మాట్లాడకపోతే నాకు పొద్దు గడవట్లేదమ్మా.

మీ బాబాయి

తా.క.: చీటీ ఆజ్ఞకి "యజమాని" అనే పొట్టి పేరు పెట్టాను. ఆవిడ చీటీలన్నీ చేత్తో రాస్తోంది.

*

బాబాయికి,

ఇంతదానికి ఇంత రభసా? పిన్నికి వేరే అకౌంటు తెరవండి. ఎవరి పాస్‌వర్డ్ వాళ్లది, ఎవరి ప్రొఫైల్ వాళ్లది, ఎవరి పలకరింపు వాళ్లది. ఒకరి జోలికి ఒకరు రానక్కర్లేదు.

మీ అమ్మలు

తా.క.: ఈ ఉత్తరం పిన్నికి కూడా చూపించండి.

*

అమ్మలూ,

చూపించాను. ఎందుకు చూపించానా అని ఏడుస్తున్నాను. అకౌంటు తెరుచుకుంది. ఆనక "అందులో వేరుపడ్డాక బల్ల మాత్రం ఉమ్మడెందుకు?" అని సుద్దముక్క తెచ్చి బల్ల మధ్యన గీత గీసింది. పుస్తకాలు బిగించే ప్రెస్సు నా వైపు, జిగురు తన వైపు. జిగురు లేకుండా నేనేం అంటించను, నా మొహమా?

మీ బాబాయి

తా.క.: బ్రష్ ఒక్కటే ఉంది. అదీ అటే పోయింది.

*

బాబాయికి,

నేను విడదీసింది అకౌంట్లని, మిమ్మల్ని కాదు. వెళ్లి బ్రష్ అడగండి.

మీ అమ్మలు

తా.క.: మీరు అడగరు, నాకు తెలుసు.

*

చిరంజీవి అమ్మలుకి,

నువ్వన్నట్టే అడగలేదు. ఇవాళ పొద్దున కిటికీ తెరిస్తే "బ్రష్ నా దగ్గరుంది, నోరు తెరిచి అడిగితే ఇస్తాను" అని ఉంది. నా అకౌంట్లో, నా పాస్‌వర్డ్ ఉండగా. గీత దాటి వెళ్లి, ఎలా తెరిచావని అడిగాను. మొదటిసారికే తెరుచుకుందట. పెళ్లయిన కొత్తలో తనని పిలిచిన ముద్దుపేరే పాస్‌వర్డ్‌గా పెట్టుకున్నాన్లే. మర్చిపోతానన్న భయం లేని మాట నాకు ఇంకోటి దొరకలేదు. "ఆ పేరు కంప్యూటర్‌తో అనే బదులు నాతో అనొచ్చుగా" అంది. అన్నాను. బ్రష్ ఇచ్చింది. తడిగుడ్డతో గీత ఇద్దరం తుడిచాం. ప్రాణం లేచొచ్చిందమ్మా.

ఇట్లు,
మీ బాబాయి

తా.క.: ఆవిడ పాస్‌వర్డ్ మాత్రం నాకింకా దొరకలేదు. నా పేరేమోనని, చివర "గారు" తగిలించి కొట్టి చూశాను. తెరుచుకోలేదు.

మరో తా.క.: అమ్మలూ, కవరు అంటించే జిగురు నాదే కాబట్టి ఉత్తరం చదివాను. ఆ "గారు" తీసేస్తే తెరుచుకుంటుంది. ఆయనకి చెప్పకు. — పిన్ని