మూడు దిక్కుల నీళ్లు

మంగళవారం. పొద్దున్నుంచీ ముసురు.

ఏడో తరగతికి ద్వీపకల్పం పాఠం చెప్పి, ఒక ఉదాహరణ రాయమన్నాను. అందరూ భారతదేశం అని రాశారు. గోదావరి ఒడ్డు నుంచి వచ్చే ముత్తమ్మ మాత్రం తన గూడెం పేరు రాసింది. ఎగతాళి అనుకున్నాను. ఎర్ర పెన్నుతో ఇంటూ పెట్టి, బెత్తం విరిగేదాకా కొట్టాను. అదీ చాలక చెంప మీద కొట్టాను. పెదవి చిట్లి రక్తం నోట్‌బుక్ మీద పడింది.

ఆ పిల్ల ఏడవలేదు.

"వరదొస్తే మాకు మూడు దిక్కుల నీళ్లే సార్. నాలుగో దిక్కు గుట్ట. పోయినేడు మా చెల్లె గుట్ట దాంక ఉరకలేకపాయె."

"సరే, కూర్చో" అన్నాను. నోట్‌బుక్ తిరిగి ఇవ్వలేదు.

నోట్‌బుక్ ఇప్పుడు నా ముందే ఉంది. రక్తం ఎండి నల్లబడింది. నా ఇంటూ మాత్రం ఇంకా ఎర్రగానే ఉంది.