ఫుటేజీ మీద సర్వహక్కులు

అమ్మా దుర్గాభవానీ,

నాన్న వేయి దీవెనలు. నా ఆనందం ఎలా రాయాలో తెలియడం లేదమ్మా! సినిమా కోసం మన భోగాపురం పాత వీడియోలు వెతుకుతున్న ఒకాయన మనింటికి వచ్చి, నీ పెళ్లి క్యాసెట్ తన మెషిన్‌లో ఆడించాడు. చనిపోయిన పదేళ్లకు మీ అమ్మ నవ్వుతూ నా ముందు నడిచింది!

కానీ సంతకానికిచ్చిన కాగితంలో ‘ఫుటేజీ మీద సర్వహక్కులు’ అని ఉంది. ఫుటేజీ అంటే అడుగుల లెక్కే కదా! విమానాశ్రయం పక్కన మన స్థలం మీద కన్నేశాడనుకున్నాను.

“ఏటి బాబూ, ఎన్ని అడుగులు రాయించుకుంతన్నావు?” అన్నాను.

“స్థలం కాదు తాతా, క్యాసెట్లో బొమ్మలే,” అని నవ్వాడు.

అప్పుడు మరీ అనుమానమేసింది. ఆ బొమ్మల్లో ఉన్నది మీ అమ్మ. ఆమె మీద సర్వహక్కులు ఎవరికో ఎలా రాసిస్తాను? సంతకం పెట్టలేదు.

ఆదివారం మళ్లీ వస్తాడట. నువ్వు శనివారమే వచ్చి కాగితం చదువు. అతన్ని కసరకు తల్లీ, మెషిన్ అతని దగ్గరే ఉంది.

మీ నాన్న