పట్టుచీరకు పగటి వెలుతురు

నాయనా,

నువ్వు చీరలమ్మిన ధర్మవరం అంగట్లో ఈపొద్దు పైకప్పు కోసి, వెలుతురు పడేట్టు అద్దం బిగించినా. ట్యూబులైటు కింద పట్టు రంగు తెలీదని, మోకాళ్ల నొప్పులతోనే ప్రతి చీరనూ మెట్లు దిగి ఎండలో చూపిస్తాంటివి. అద్దం పెడదామని నేను అప్పుడే చెప్తే, "వాన కారితే నువ్వు తాగుతావా అబ్బా?" అన్నాడు మీ ఓనరు. నువ్వు చనిపోయిన ఏడాదికి, కరెంటు బిల్లు చూసి తనే పిలిచినాడు. ఒళ్లు మండింది. అయినా పోయినా.

బిగించినాక పొద్దు గూకేదాకా ఒక్క లైటూ వెయ్యలేదు. చీరెత్తుకొని వాకిట్లోకి పోతాండే ఒకామెను ఆపి అద్దం కింద నిలబెట్టినా. "ఈడే తెలుస్తాండాది గదప్పా," అనింది.

నీ స్టూలు ఇంకా మూలనే ఉండాది. దుమ్ము తుడిచి ఆ వెలుతురులో వేసినా. ఇంక మెట్లు దిగే పనిలేదు, నాయనా.