పిల్ల కొలతలు

వాగుడుకాయ వాళ్ళమ్మకి,

ఇక్కడ మేమిద్దరం క్షేమం. ఓడలో నువ్వూ క్షేమంగానే ఉన్నావని తలుస్తాను. నీ ఉత్తరం మంగళవారం అందింది. అడిగినవాటికి వరసగా జవాబులు రాస్తున్నాను. ఎగ్గొట్టానని మళ్ళీ ఫోన్లో దులపకు.

మిషను పెడల్ బాగు చేయించాను. వేళకి తింటున్నాను. కోట్ల పని బాగానే వస్తోంది. ఎదురు షాపు మంగలి కోటు బిగుతైందని నా కుట్టును తిడుతున్నాడు, తన పొట్టను మాత్రం ఒక్క మాట అనడు.

పిల్ల గొంతు మారింది, జలుబా అని అడిగావు. అవునని ఫోన్లో చెప్పాను. అది అబద్ధం. పుట్టినరోజుకి గౌను కొంటాను, కొలతలు రాయమన్నావు. ఇరవై ఏళ్ళుగా ఊరందరి కొలతలూ తీసినవాణ్ణి, ఆ నాలుగంకెలు రాయలేక మూడు రోజులుగా కాగితం ముందు కూర్చున్నాను.

మా అమ్మ పనిచేస్తూ ఒక శబ్దం పలికేదని చెప్పాను, గుర్తుందా? పెదవులు సున్నాలా చుట్టి, ముక్కుతో గాలి పీలుస్తూనే నోటితో తెగకుండా ‘ఊ’ అనడం. అది తెగనంతసేపు లోకం ఆగిపోతుంది. పలికేవాళ్ళకి మాత్రం ఆగదు. తెల్లారేసరికి కావాలన్న కోట్లన్నీ ఆవిడ అలాగే కుట్టేది. నాకు ఎంత నేర్పినా అబ్బలేదు. నా నోట ఈల కూడా సరిగా రాదాయె.

నువ్వు వెళ్ళిన కొత్తలో, ఆదివారం నీ పది నిమిషాల ఫోన్ అయిపోగానే పిల్ల నేల మీద పడి ఏడ్చేది. చూడలేక నేనే చెప్పాను. “అమ్మ ‘ఉంటా తల్లీ’ అంటుంది కదా, అప్పుడు ఊ అను. ఆ మాట నీ చెవిలోనే ఉండిపోతుంది.” నాకు ఏళ్ళ తరబడి రానిది దానికి ఒక్క పూటలో వచ్చేసింది. మురిసిపోయాను కూడా.

అలా ఆపుకున్న ప్రతి గంటా ఒంటి మీద నెలై పడుతుంది. మా అమ్మకి నలభై ఏళ్ళకే తల ముగ్గుబుట్టయితే పని భారం అనుకున్నాం. నా బుర్ర అప్పుడైనా వెలగలేదు.

ఇప్పుడు దానికి ఫోన్ ఒక్కటే చాలడం లేదు. నీ దిండు పట్టుకుని, నీ అద్దం ముందు నిలబడి, రోజంతా అదే శబ్దం. ఆపుదామంటే లోకంతోపాటు నేనూ ఆగిపోయేవాణ్ణే. నిన్న “ఇంకోసారి అన్నావంటే” అని కోప్పడబోయాను. మాట పూర్తయ్యేసరికి నా ఎదురుగా ఉన్న పిల్ల కిటికీ దగ్గర ఉంది, కళ్ళు ఏడ్చి ఏడ్చి వాచిపోయాయి. ఎంతసేపు ఏడ్చిందో నాకు తెలియదు. పక్కనే ఉండి కూడా ఓదార్చలేకపోయాను.

నువ్వు వెళ్ళేటప్పుడు దానికి ఐదేళ్ళు. ఎనిమిది నెలలైంది. పోయిన వారం దాని పాలపళ్ళలో చివరిది ఊడింది. నీ ఓడ తిరిగి రావడానికి ఇంకా పద్నాలుగు నెలలు. నేనేం చేయను, చెప్పు. నాకు ఏడుపొస్తోంది.

గౌను కొనకు. ఇవాళ పొద్దున అది నీ బూడిదరంగు కోటు వేసుకుని మిషను దగ్గరికి వచ్చింది. కోటు చేతులు దానికి మూడంగుళాలే పొడుగయ్యాయి. కత్తెర తీశాను.

“కత్తిరించకు నాన్నా,” అంది. “లోపలికి మడిచి కుట్టు. వచ్చే నెల విప్పుకోవచ్చు.”

అలాగే మడిచి కుట్టాను.

ఇట్లు,
వాగుడుకాయ నాన్న